కల్పిత నాగరికతకు క్యాలెండర్ కట్టే పద్ధతి: మిగులు రోజుల లెక్క నుంచి పండగల దాకా

కొత్త లోకాన్ని ఊహించి నవల రాసేవాళ్ళు, ఆటలు తయారుచేసేవాళ్ళు దాని పటానికీ, రాజవంశాలకూ, భాషకూ ఎంతో శ్రమ పడతారు. క్యాలెండర్ దగ్గరికొచ్చేసరికి మాత్రం పన్నెండు నెలలకు పన్నెండు కొత్త పేర్లు పెట్టి, నెలకు ముప్ఫై రోజులు, వారానికి ఏడు రోజులు అని రాసి పక్కన పెట్టేస్తారు. అది పేర్లు మార్చిన మన గోడ క్యాలెండరే. దానివల్ల కథలో ఒక్క తగాదా పుట్టదు, ఒక్క పండగ తేదీ కూడా మారదు.

ఏ గ్రహం మీదైనా రోజు, చంద్రుడి నెల, ఏడాది ఒకదానిలో ఒకటి సరిగ్గా ఇమడవు. మన భూమినే తీసుకోండి. పన్నెండు చాంద్రమాసాలు కలిపితే 354.37 రోజులు. రుతువులు మళ్ళీ మొదటికొచ్చే ఏడాది 365.2422 రోజులు. మధ్యలో దాదాపు 10.88 రోజులు మిగిలిపోతాయి. ఆ మిగులును ఏం చేయాలన్న ప్రశ్నకు ఒక్కో సమాజం ఇచ్చుకున్న జవాబే దాని క్యాలెండర్. మనవాళ్ళు అధికమాసం పెట్టారు. ముస్లింల హిజ్రీ క్యాలెండర్ మిగులును పట్టించుకోకుండా చంద్రుడి వెంటే నడిచింది. ఈజిప్టువాళ్ళు చంద్రుణ్ణి వదిలేసి 30 రోజుల నెలలు పన్నెండు, చివర 5 రోజులు అని తీర్మానించారు. కాబట్టి మీ నాగరికతకు క్యాలెండర్ కట్టాలంటే ముందు మిగులు ఎంతో తేల్చాలి, తర్వాత దాన్ని ఎవరు, ఎలా సర్దుతారో తేల్చాలి. పేర్లు ఆఖరున పెట్టుకోవచ్చు.

కింద ప్రతి మెట్టుకూ ఒకే ఉదాహరణ వాడుతున్నాం. నీలేరు అనే నది లోయలో బతికే కల్పిత నాగరికత అది. వరద వస్తే పంట, లేకపోతే కరువు. అంకెలు మీవి మీరు మార్చుకోండి, పద్ధతి మాత్రం అదే.

1. ముందు నాలుగు అంకెలు

రోజు ఎంతసేపు, ఏడాదికి ఎన్ని రోజులు, అమావాస్య నుంచి అమావాస్యకు ఎన్ని రోజులు, గ్రహం అక్షం ఎంత వంగి ఉంది. ఈ నాలుగూ రాసుకోండి. నీలేరుకు మనం పెట్టినవి: రోజు మన 22 గంటలు, ఏడాది 378.29 రోజులు, చాంద్రమాసం 28.64 రోజులు, వంపు 18 డిగ్రీలు. ఏడాదీ నెలా రెండూ వాళ్ళ రోజుల్లోనే లెక్క, మన రోజుల్లో కాదు. ఈ ఒక్క సంగతి మర్చిపోతే తర్వాత లెక్కలన్నీ తప్పుతాయి.

ఏడాదిని 378 అనో 360 అనో గుండుగా పెట్టకండి. దశాంశం లేకపోతే మిగులు ఉండదు, మిగులు లేకపోతే అధికమాసాలూ లేవు, వాటి చుట్టూ గొడవలూ లేవు.

ఏడాది పొడవు మీ ఇష్టమే అయినా, దానికి తగ్గట్టు గ్రహం తన నక్షత్రానికి ఎంత దూరంలో ఉంటుందో కూడా చూసుకోవాలి. కెప్లర్ సూత్రం ఇక్కడ చాలు: మన ఏళ్ళలో కొలిచిన కక్ష్యాకాలాన్ని వర్గం చేసి, నక్షత్రం బరువు సూర్యుడికి ఎన్ని రెట్లో ఆ అంకెతో గుణించి, ఘనమూలం తీస్తే దూరం వస్తుంది. దూరానికి కొలమానం భూమి నుంచి సూర్యుడి దూరం. నీలేరు ఏడాది మన లెక్కలో 346.77 రోజులు, అంటే 0.949 ఏడాది. నక్షత్రం సూర్యుడంతదే అనుకుంటే దూరం 0.966 వస్తుంది. బతకడానికి వీలైన దూరమే. దీనితోపాటు ఇంకో పనికొచ్చే అంకె దొరుకుతుంది. నీలేరులో ఇరవై ఏళ్ళు నిండిన అమ్మాయికి మన లెక్కలో పందొమ్మిదే. ఏడాది పొడవు ఇంకా ఎక్కువ తేడాగా పెట్టుకుంటే పాత్రల వయసులు పాఠకుణ్ణి తికమక పెడతాయి.

చంద్రుడి విషయంలో రెండు నెలలు ఉంటాయని గుర్తుంచుకోండి. అమావాస్యల మధ్య కాలం ఒకటి, నక్షత్రాల మధ్య ఒక చుట్టు పూర్తయ్యే కాలం ఇంకొకటి. మనకు అవి 29.53, 27.32. ఆ 27.32 వల్లే మనకు 27 నక్షత్రాలు. నీలేరుకు లెక్క వేయాలంటే 28.64ను 378.29తో గుణించి, ఆ రెంటి మొత్తమైన 406.93తో భాగించండి. 26.62 వస్తుంది. కాబట్టి వాళ్ళ ఆకాశంలో 26 లేదా 27 చుక్కల గుంపులు ఉండటం సహజం. వాళ్ళకు 12 రాశులు అని రాసేస్తే అది మన ఆకాశం నుంచి అరువు తెచ్చుకున్నట్టే.

2. సూర్యుడా, చంద్రుడా, ఇద్దరూనా?

దీన్ని అందం చూసి కాకుండా అవసరం చూసి తేల్చండి. ఏ సమాజంలోనైనా తేదీ ముగ్గురికి కావాలి: విత్తనం వేసేవాడికి, పన్ను వసూలు చేసేవాడికి, పూజ చేసేవాడికి. ముగ్గురికీ ఒకే లెక్క సరిపోదు.

మన చరిత్రలోనే దీనికి చక్కటి రుజువు ఉంది. హిజ్రీ సంవత్సరం రుతువులతో కలిసి నడవదు. 32 పంటల కాలంలో 33 హిజ్రీ ఏళ్ళు గడిచిపోతాయి. శిస్తు హిజ్రీ ఏడాది ప్రకారం వసూలు చేస్తే రైతు 32 పంటలు పండించి 33 సార్లు కట్టాలి. అందుకే అక్బరు కాలంలో పంటను అనుసరించే ఫసలీ లెక్క మొదలైంది. నిజాం రాజ్యంలో అది రెవెన్యూ లెక్కయింది. మన పహాణీల్లో, అడంగల్ కాగితాల్లో కనిపించే ఫసలీ సంవత్సరం అదే. జూలై 1న మొదలవుతుంది, ఇంగ్లీషు ఏడాదిలోంచి 590 తీసేస్తే వస్తుంది. పూజకు ఒక క్యాలెండర్, పన్నుకు మరొకటి ఒకే ఊళ్ళో పక్కపక్కనే నడిచాయన్నమాట.

నీలేరులో వరద ముఖ్యం, కాబట్టి సూర్యుడు కావాలి. నదిలో రాత్రిపూట చేపల వేట ఉంది, కాబట్టి చంద్రుడూ కావాలి. అందుకే మన పంచాంగం మాదిరి సూర్యచంద్రులిద్దర్నీ కలిపే పద్ధతి ఎంచుకున్నాం. ఎడారి వర్తకుల నాగరికతకు శుద్ధ చాంద్రం సరిపోతుంది. చంద్రుడే లేని గ్రహమైతే అసలు నెల అనే ఊహ ఎందుకు పుట్టిందో మీరు చెప్పాలి. అంగారకుడి మీద ఏడాది దాదాపు 668.6 స్థానిక రోజులు, దానికున్న రెండు బుల్లి చంద్రులు నెల లెక్కకు పనికిరావు. అక్కడికి క్యాలెండర్ ఊహించేవాళ్ళకు ఎదురయ్యే మొదటి చిక్కు ఇదే.

3. అధికమాసం ఎన్నేళ్ళకోసారి?

ఏడాదిని నెలతో భాగించండి. 378.29 ÷ 28.64 = 13.20845. అంటే ఏడాదికి 13 నెలలు, పైన 0.20845 నెల మిగులు. రోజుల్లో చెప్పాలంటే 13 నెలలు 372.32 రోజులు, మిగులు 5.97.

ఇప్పుడు ఎక్సెల్‌లోనో గూగుల్ షీట్స్‌లోనో ఒక వరుసలో 1 నుంచి 60 దాకా రాసి, పక్క వరుసలో ప్రతి అంకెనూ 13.20845తో గుణించండి. ఎక్కడెక్కడ జవాబు పూర్ణాంకానికి బాగా దగ్గరగా వస్తుందో చూడండి. 5 దగ్గర 66.042 వస్తుంది. 19 దగ్గర 250.961. 24 దగ్గర 317.003. ఆ 24 బంగారం లాంటిది. 24 ఏళ్ళలో 317 నెలలు, అంటే 24 × 13 = 312 మామూలు నెలలు, 5 అధికమాసాలు.

మన భూమికి ఇదే పని చేస్తే 19 దగ్గర 235 నెలలు తేలతాయి. బాబిలోనియావాళ్ళు, గ్రీకులు, చైనావాళ్ళు ముగ్గురూ ఆ 19 ఏళ్ళ చక్రాన్ని ఎరుగుదురు. ఆకాశంలో ఉన్న అంకెను ఎవరు లెక్కపెట్టినా అదే వస్తుంది కనుక, మీ లోకంలో రెండు శత్రు రాజ్యాలకు ఒకే చక్రం ఉండటంలో వింతేమీ లేదు. అధికమాసాన్ని చక్రంలో ఎక్కడ పెట్టారన్న దగ్గరే తేడాలు రావాలి.

నీలేరువాళ్ళు 5, 10, 15, 20, 24వ ఏళ్ళలో పెట్టుకున్నారు. నాలుగుసార్లు అయిదేళ్ళకోసారి, ఆఖరుసారి నాలుగేళ్ళకే. చదువురాని రైతు కూడా వేళ్ళ మీద లెక్కపెట్టుకోగలిగే నియమం ఇది. మన పంచాంగం దారి వేరు. సంక్రమణం, అంటే సూర్యుడు రాశి మారడం, లేని చాంద్రమాసం అధికమాసం అవుతుంది, అది ఏ నెలైనా కావచ్చు. ఖచ్చితత్వం ఎక్కువ, కానీ గణితం తెలిసిన సిద్ధాంతి లేకుండా తేలదు. మీ సమాజంలో అలాంటి లెక్కలవర్గానికి పలుకుబడి ఉండాలనుకుంటే రెండో దారి పట్టండి. అందరికీ తెలిసిన నియమం కావాలంటే మొదటిది.

ఏ దారి పట్టినా కొత్త ఏడాది మొదటి రోజు రుతువులతో పోలిస్తే ముందుకూ వెనక్కూ ఊగుతుంది. మన ఉగాది 2024లో ఏప్రిల్ 9, 2025లో మార్చి 30, 2026లో మార్చి 19. ఆ ఏడు జ్యేష్ఠం అధికమాసం కాబట్టి 2027లో మళ్ళీ ఏప్రిల్ 7కు వెళ్తుంది. నీలేరులో మామూలు ఏడాదికి ఆరు రోజుల పైచిలుకు చొప్పున వెనక్కి జరుగుతూ, చక్రంలో 19వ ఏడు ముగిసేసరికి 28 రోజుల తేడా వస్తుంది. అంటే వరద తిథి దాదాపు నెల రోజుల విశాలంలో ఎక్కడైనా పడొచ్చు. "ప్రతి ఏటా మూడో నెల పదో రోజున వరద వస్తుంది" అని మీ కథలో రాస్తే అది ఈ క్యాలెండర్‌లో అసాధ్యం.

అధికమాసం పెట్టాక దాని డబ్బు సంగతి తేల్చండి. చాలామంది దీన్ని వదిలేస్తారు, కథకు అసలు సరుకు ఇక్కడే ఉంది. ఏడాది జీతానికి కుదిరిన పాలేరు ఆ ఏడు 14 నెలలు పనిచేయాలా? నెలవడ్డీకి అప్పిచ్చినవాడికి ఒక నెల వడ్డీ అదనంగా వస్తుందా? పెళ్ళిళ్ళు ఆగిపోతాయా? రోములో అధికమాసం ఎప్పుడు వేయాలో మతాధికారులు నిర్ణయించేవారు. నచ్చిన అధికారి పదవీకాలం పొడిగించడానికి, నచ్చనివాడిది కుదించడానికి దాన్ని వాడుకునేవారు. అది ముదిరి ముదిరి, జూలియస్ సీజర్ సరిదిద్దేనాటికి క్రీ.పూ. 46ను 445 రోజుల ఏడాదిగా సాగదీయాల్సి వచ్చింది.

4. నెలల పొడవు

నెల 28.64 కాబట్టి 28 రోజుల పొట్టి నెలలు, 29 రోజుల నిండు నెలలు కలిపి వాడాలి. 24 ఏళ్ళ నిజమైన పొడవు 9078.96 రోజులు. 317 చాంద్రమాసాల పొడవు 9078.88. రెంటికీ దగ్గరి పూర్ణాంకం 9079. అన్నీ 28 రోజుల నెలలే అనుకుంటే 8876 వస్తుంది, తేడా 203. అంటే 317లో 203 నిండు నెలలు, 114 పొట్టి నెలలు.

దీన్ని ఏడాదికి పంచుదాం. మామూలు ఏడాదికి 8 నిండు, 5 పొట్టి: మొత్తం 372 రోజులు. అధికమాసం ఎప్పుడూ 29 రోజులు. 24 × 372 = 8928, అయిదు అధికమాసాలకు 145, కలిపితే 9073. ఇంకా 6 రోజులు కావాలి. 24 ఏళ్ళలో 6 అంటే నాలుగేళ్ళకొకటి. కాబట్టి ప్రతి నాలుగో ఏడు ఒక పొట్టి నెలకు ఒక రోజు కలుపుతారు. నియమాలు రెండే, చక్రం పూర్తిగా మూసుకుంటుంది. ఏళ్ళు నాలుగు రకాలు: 372, 373, 401, 402 రోజులు. అవి చక్రంలో వరసగా 15, 4, 3, 2 సార్లు వస్తాయి. 20వ ఏడూ 24వ ఏడూ అధికరోజు, అధికమాసం రెండూ పడే పెద్ద ఏళ్ళు. వీటికి ప్రత్యేకంగా పేరూ భయమూ ఉండటం సహజం.

నెలల వరస ఎలా పేర్చాలన్నది చిన్న విషయంగా కనిపిస్తుంది కానీ కాదు. నిండు నెలలన్నీ ముందు పెట్టి పొట్టివి చివర పెడితే, ఏడాది మధ్యలో లెక్కకూ నెలవంకకూ రెండుమూడు రోజుల ఎడం వస్తుంది. ఇలా పేర్చండి: నిండు, పొట్టి, నిండు, పొట్టి, నిండు, నిండు, పొట్టి, నిండు, పొట్టి, నిండు, నిండు, పొట్టి, నిండు. మొదటి ఏడాది పొడవునా ఎడం ఒక రోజు లోపే ఉంటుంది.

నాలుగేళ్ళకోసారి వచ్చే అధికరోజును ఏ నెలకు కలపాలి? ఏడాది చివర్లో అని ఎవరికైనా తోస్తుంది. అలా చేస్తే చక్రంలో 20వ ఏడు తొమ్మిదో నెల ముగిసేసరికి లెక్క చంద్రుడికంటే 1.76 రోజులు ముందుంటుంది. రెండో నెలకు కలిపితే చక్రం మొత్తంలో ఎడం ఎక్కడా ఒకటిన్నర రోజును పెద్దగా దాటదు. నీలేరు జాలర్లు వలలు వేసేది చంద్రుణ్ణి చూసి కాబట్టి ఆ పావు రోజుకు వాళ్ళ దగ్గర విలువుంది.

5. వారం బదులు సంత

ఏడు రోజుల వారం ఆకాశంలో లేదు. సూర్యచంద్రులతో కలిపి కంటికి కనిపించే ఏడు గ్రహాల పేర్లతో అది మన దాకా వచ్చింది. మీ లోకంలో వారం సంతను బట్టి ఉండటం సమంజసం. నైజీరియాలోని ఇగ్బోలకు నాలుగు రోజుల సంత, జావాలో అయిదు, రోములో ఎనిమిది. కూరగాయ ఎన్ని రోజులు నిలవుంటుంది, నడిచి ఎన్ని ఊళ్ళు తిరగొచ్చు అన్నవి చూసి అంకె ఎంచుకోండి. నీలేరుకు అయిదు ఊళ్ళు, అయిదు రోజులు.

వారాన్ని నెల మొదటి రోజున మళ్ళీ మొదలుపెట్టకండి, ఏకధాటిగా నడవనివ్వండి. 9079ను 5తో భాగిస్తే 4 మిగులుతుంది. కాబట్టి ఒక తేదీ, అదే సంతరోజు మళ్ళీ అచ్చంగా అదే వరసలో రావాలంటే అయిదు చక్రాలు, అంటే 120 ఏళ్ళు పట్టాలి. నూట ఇరవై ఏళ్ళ మహాచక్రం ఇలా తనంతట తనే పుట్టుకొస్తుంది, మీరు కల్పించనక్కర్లేదు.

రెండు వారాలు సమాంతరంగా నడపాలనుకుంటే అంకెలకు ఉమ్మడి కారణాంకం ఉందో లేదో చూడండి. మన వారంలోని 7 రోజులకూ 27 నక్షత్రాలకూ ఉమ్మడి కారణాంకం లేదు, కాబట్టి ఆదివారం నాడు పుష్యమి వంటి ప్రతి జతా ఎప్పుడో ఒకప్పుడు కుదురుతుంది. 6, 9 పెట్టుకుంటే 54 జతల్లో 18 మాత్రమే వస్తాయి, మిగతావి ఎన్నటికీ రావు. మాయన్ల 260 రోజుల చక్రం, 365 రోజుల ఏడాది 18,980 రోజులకు, అంటే 52 ఏళ్ళకు కలుస్తాయి. వాళ్ళ 20 రోజుల పేర్లలో నాలుగే ఏడాది తొలిరోజు కాగలిగేవి. "ఆ రెండూ కలిసిన రోజున" అని భవిష్యవాణి రాసేముందు ఆ రెండూ అసలు కలుస్తాయో లేదో లెక్క వేసుకోండి.

వారాన్ని పైనుంచి రుద్దితే ఏమవుతుందో చరిత్రలో ఉంది. ఫ్రెంచి విప్లవ ప్రభుత్వం 1793లో పది రోజుల వారం తెచ్చింది. ఏడుకోసారి దొరికే సెలవు పదికోసారి అయింది. 1806 జనవరి 1 నుంచి ఆ క్యాలెండరే పోయింది. సోవియట్ ప్రభుత్వం 1929లో అయిదు రోజులు, 1931లో ఆరు రోజులు ప్రయత్నించి 1940లో ఏడుకు తిరిగొచ్చింది.

6. రోజు ఎప్పుడు మొదలవుతుంది, ఏళ్ళు ఎక్కణ్ణుంచి?

రెండూ చిన్న నిర్ణయాలే, కానీ రాసిపెట్టుకోవాలి. మనకు సూర్యోదయంతో, యూదులకూ ముస్లింలకూ సూర్యాస్తమయంతో, రోమన్లకు అర్ధరాత్రితో రోజు మొదలు. ఖగోళ శాస్త్రజ్ఞులకు 1925 దాకా మధ్యాహ్నంతో మొదలయ్యేది. తెల్లవారుజామున పుట్టిన బిడ్డ ఏ రోజు బిడ్డో, అర్ధరాత్రి గడువు దాటిన అప్పు ఏ తేదీకి చెల్లుతుందో దీన్ని బట్టి తేలుతుంది. నీలేరులో సూర్యాస్తమయం, ఎందుకంటే నెల మొదలయ్యేది సాయంత్రం పడమట నెలవంక కనిపించినప్పుడు.

శకం విషయంలో ఒక చిక్కు గమనించండి. మన శాసనాల్లో కొన్ని గడిచిన ఏళ్ళు లెక్కపెడతాయి, కొన్ని నడుస్తున్న ఏడాదిని. అందుకే ఒకే సంఘటన తేదీ ఒక ఏడాది అటూఇటూ అవుతుంది. మీ లోకంలో రెండు రాజ్యాల గుమాస్తాలకు ఆ తేడా పెడితే ఒక ఒప్పందం గడువు తీరిందా లేదా అన్న తగవు దానంతటదే వస్తుంది.

7. రైతు క్యాలెండర్ విడిగా

వరద తిథి నెల రోజుల మేర ఊగుతుందని చూశాం. మరి రైతు విత్తనం ఎప్పుడు వేయాలి? మన పల్లెల్లో జవాబు కార్తెలు. సూర్యుడు ఒక్కో నక్షత్రంలో ఉండే పదమూడు, పద్నాలుగు రోజులు ఒక కార్తె. చాంద్రమాసం ఎటు జరిగినా మృగశిర కార్తె జూన్ 7, 8 ప్రాంతంలోనే వస్తుంది. రోహిణి కార్తెలో రోళ్ళు పగులుతాయన్నది ఏ ఏడాదికైనా చెల్లుతుంది. తిథి చూసి పండగ, కార్తె చూసి నాగలి.

నీలేరు రైతుకూ అలాంటిదొకటి ఇవ్వాలి. అన్నిటికన్నా తేలికైనది ఒక ప్రకాశమైన నక్షత్రం. సూర్యుడి వెలుగులో కొన్ని వారాలు కనుమరుగై, ఒక తెల్లవారుజామున తూర్పున మళ్ళీ తొంగిచూసే రోజును గుర్తుగా పెట్టుకుంటారు. ఈజిప్టు రైతులకు సిరియస్ అలా దాదాపు 70 రోజుల తర్వాత కనిపించినప్పుడు నైలు వరద దగ్గరపడేది. నక్షత్రాన్ని వాడితే నక్షత్ర సంవత్సరానికి కట్టుబడినట్టే, అది రుతువుల ఏడాది కంటే కొంచెం పొడవు. మన లెక్కలో 365.2564, 365.2422. తేడా 70 ఏళ్ళకు ఒక రోజు. మకర సంక్రాంతి డిసెంబరు ఆయనం నుంచి జనవరి 14, 15కు జరిగింది ఇలాగే. మీ కథ నడిచే కాలం నాగరికత మొదలైన రెండు వేల ఏళ్ళ తర్వాతైతే ఆ జరుగుబాటు నెల రోజులకు దగ్గరవుతుంది. దాన్ని వదిలేయకండి.

8. రోజు సంఖ్య: మీ లెక్కకు పరీక్ష

మన సిద్ధాంతులు అహర్గణం అనేది ఇదే. మొదటి రోజు నుంచి ఇవాళ్టికి ఎన్ని రోజులు అన్న ఒకే అంకె. ఇది లేకుండా రెండు తేదీల మధ్య ప్రయాణకాలం, గర్భం నెలలు, చంద్రుడి దశ ఏవీ సరిగా చెప్పలేరు.

మూడో చక్రం, ఏడో ఏడు, నాలుగో నెల, పదో రోజు తీసుకుందాం. గడిచిన రెండు చక్రాలు: 2 × 9079 = 18158. మూడో చక్రంలో గడిచిన ఆరేళ్ళు: 6 × 372 = 2232, నాలుగో ఏటి అధికరోజు 1, అయిదో ఏటి అధికమాసం 29, మొత్తం 2262. ఈ ఏడు గడిచిన మూడు నెలలు: 29 + 28 + 29 = 86. పైన పది. అన్నీ కలిపితే 20516.

సంతరోజు: 20516ను 5తో భాగిస్తే శేషం 1, కాబట్టి సంతవారంలో మొదటి రోజు. షీటులో మాడ్ ఫంక్షన్ ఈ శేషాన్ని ఇస్తుంది. చంద్రుడు: రోజు మొదలయ్యేసరికి గడిచినవి 20515. దాన్ని 28.64తో భాగిస్తే 716 పూర్తి నెలలు, పైన 8.76 రోజులు. అర్ధచంద్రుడు 7.16కు, పున్నమి 14.32కు వస్తాయి. కాబట్టి ఆ రాత్రి సగం దాటి పెరుగుతున్న చంద్రుడు, పొద్దుగూకేటప్పటికే పైన ఉంటాడు, అర్ధరాత్రి దాటాక అస్తమిస్తాడు. కోటగోడ దూకే దొంగకు చీకటి ఎప్పటినుంచి దొరుకుతుందో తేలిపోయింది. పున్నమి చంద్రుణ్ణి అర్ధరాత్రి ఉదయింపజేయడం, అమావాస్య మర్నాడే నిండు వెన్నెల కురిపించడం చాలా రచనల్లో కనిపించే తప్పులు. ఈ ఒక్క లెక్క వాటిని ఆపుతుంది.

షీటులో కథలోని ప్రతి ముఖ్య సంఘటనకూ ఒక వరుస పెట్టండి: రోజు సంఖ్య, తేదీ, సంతరోజు, చంద్రుడి వయసు, వరద నుంచి ఎన్నో రోజు. రెండో చంద్రుడు కూడా కావాలనుకునేవాళ్ళు ఇంకో వరుస వేసుకుని ఒకసారి చూసుకోవాలి. 41 రోజుల రెండో చంద్రుడు మొదటివాడిని 95 రోజులకోసారి ఆకాశంలో కలుస్తాడు. ఆ కలయిక ప్రతిసారీ పున్నమి నాడు జరగదు. "రెండు పున్నములూ ఒక్కటైన రాత్రి" అనుకున్నంత తరచుగా రాదు.

9. పేర్లు, పండగలు

ఇప్పుడు పేర్లు. మన నెలల పేర్లు పున్నమి నాటి నక్షత్రం నుంచి వచ్చాయి: చిత్త దగ్గర పున్నమైతే చైత్రం. ఫ్రెంచి విప్లవకాలంవాళ్ళు మంచు, పొగమంచు, కోత అని వాతావరణం పేర్లు పెట్టారు. అవి పారిస్ వాతావరణానికే సరిపోయేవి. మీ రాజ్యం రెండు వాతావరణాల్లో విస్తరించి ఉంటే అలాంటి పేర్లు ఒక ప్రాంతానికి అబద్ధమవుతాయి. కథకు అదీ పనికొచ్చే విషయమే. పేర్లు పొట్టిగా, నోట్లో తిరిగేవిగా పెట్టండి. పదమూడు కొత్త పేర్లు పాఠకుడు గుర్తుపెట్టుకోడు. కథలో మూడునాలుగే వాడి, మిగతావి షీటులోనే ఉంచండి.

ప్రాంతాల మధ్య తేడా ఒక్కటైనా పెట్టండి. మనకు నెల అమావాస్యతో ముగుస్తుంది, ఉత్తరాదిన పున్నమితో. కృష్ణాష్టమి అందరికీ ఒకే రోజు, అయినా మనకది శ్రావణం, వాళ్ళకు భాద్రపదం.

10. చివరిగా, క్యాలెండర్‌ను చెడగొట్టండి

వెయ్యేళ్ళు వాడిన క్యాలెండర్ తప్పు చూపించి తీరాలి. మన నీలేరు చక్రం 9079 రోజులు. సూర్యుడికంటే 0.04 రోజు, చంద్రుడికంటే 0.12 రోజు ఎక్కువ. సూర్యుడి దగ్గర 600 ఏళ్ళకు ఒక రోజు తప్పు, చంద్రుడి దగ్గర 200 ఏళ్ళకే. వెయ్యేళ్ళు గడిచేసరికి వరద లెక్క రెండు రోజులు కూడా తప్పదు, కానీ నెలారంభం నాడు చంద్రుడికి అప్పటికే అయిదు రోజుల వయసుంటుంది. రైతుకు ఏ ఇబ్బందీ లేదు. పున్నమి పండగ నాడు తరిగిపోతున్న చంద్రుణ్ణి చూసే పూజారికీ, జాలరికీ ఒళ్ళు మండుతుంది. తప్పు ఎవరికి తగులుతుందో వాళ్ళే సంస్కరణ అడుగుతారు.

సరిదిద్దడం తేలిక అనుకోకండి. చంద్రుడి కోసం 200 ఏళ్ళకో రోజు తీసేస్తే, చక్రం సగటున సూర్యుడికంటే 0.08 రోజు పొట్టి అవుతుంది. అప్పుడు 300 ఏళ్ళకు ఒక రోజు చొప్పున వరద లెక్క తప్పుతుంది. ఒకరి తప్పు ఇంకొకరి మీదికి జరుగుతుంది తప్ప పోదు. క్రీ.పూ. 238లో ఈజిప్టు రాజు మూడో టాలమీ నాలుగేళ్ళకో రోజు కలపమని శాసనం వేయించినా అది ఆచరణలోకి రాలేదు. 1582లో పోపు గ్రెగరీ అక్టోబరు 4 మర్నాడు 15 అన్నాడు. బ్రిటన్ దాన్ని ఒప్పుకున్నది 1752లో. కొన్ని తూర్పు చర్చిలు ఇప్పటికీ పాత లెక్కనే పండగ చేస్తాయి, అందుకే వాళ్ళ క్రిస్మస్ జనవరి 7.

కాబట్టి మీ సంస్కరణకు ఒక ఏడాది నిర్ణయించండి, ఒప్పుకోని ప్రాంతం ఒకటి పెట్టండి. ఆ తర్వాత ఒక తరం పాటు దస్తావేజుల మీద రెండు తేదీలు పడతాయి. సంస్కరణకు ముందు పుట్టిన ప్రతి పాత్రకూ పాత తేదీ, కొత్త తేదీ రెండూ షీటులో ఇప్పుడే వేసిపెట్టుకోండి. రోజు సంఖ్య మాత్రం రెంటికీ ఒకటే ఉండాలి.